పాట లేని బాయిలరు

పీర్ సాహెబు పని పోయిందన్న కబురు విని బాలశౌరి కంచం ముందు నుంచి లేచిపోయిన చోట పోయిన వారం కథ ఆగింది. ఆ కంచం మీద మూత పెట్టి, మొగుడి వెనకాల గుమ్మం దాకా వచ్చి నిలబడింది మణెమ్మ. బాలశౌరి ముఠా కూలీల యూనియన్‌కు ప్రెసిడెంటు అయిన నాటి నుంచి ఆ ఇంట్లో వేడన్నం తిన్న పూట లేదు. "యూనియన్ పుట్టి మా ఇంటి పొయ్యికి సెలవులిచ్చింది" అని ఇరుగుపొరుగుతో ఎగతాళి చేసేది గానీ, ఈసారి ఆమెకూ ముద్ద దిగలేదు.

ఎందుకు దిగలేదో చెప్పాలి. నరసరావుపేట స్టేషన్లో దిగే పెద్ద బరువు ఏదైనా సరే ఊళ్ళోకి చేర్చేది ఈ ముఠానే. మగవాళ్ళు మోకులు పట్టి లాగుతారు. ఆడవాళ్ళు బరువు కింద దొర్లే దుంగలను వెనక నుంచి తీసి ముందు వేస్తుంటారు. కూలి మాత్రం మగవాళ్ళ దాంట్లో సగమే. ఒక్క మనిషి మాత్రం బరువు మీద నిలబడి పాట చెబుతాడు. మణెమ్మకు ఊహ తెలిసినప్పటి నుంచీ ఆ మనిషి పీర్ సాహెబే. తండ్రి పోయిన పిల్లను చెయ్యి పట్టుకుని ముఠాలోకి తెచ్చింది ఆమె బాబాయి అని పిలిచే ఈయనే. పెళ్ళీడు వచ్చాక చర్చికి వెళ్ళి, ఫాదర్ గారి ఎదుట బల్ల మీద దర్జాగా కూర్చుని, "మా అమ్మాయికి బాలశౌరి అయితే సరిపోతాడు" అని సంబంధం ఖాయం చేసొచ్చిందీ ఆయనే.

జిన్నింగు మిల్లు కోటేశ్వరరావు గారు చెడ్డవాడని నేననను. తన తెలివి మీద తనకు నమ్మకం కాస్త ఎక్కువ, అంతే. ఒకనాడు మిల్లు మేడ మీద నిలబడి, కింద పత్తి బేళ్ళు లాగుతున్న ముఠాను చూసి గుమాస్తాను అడిగాడు, "అందరూ చెమటలు కక్కుతుంటే ఆ ముసలాయన పైనెక్కి ఏం చేస్తున్నాడయ్యా?" అని.

"పాడుతున్నాడండీ."

"పాడేవాడికి కూలి ఏంది? మనం మిల్లు పెట్టామా, నాటకాల కంపెనీ పెట్టామా?"

అంతటితో పీర్ సాహెబు పని ఊడింది. అడగడానికి పోయిన బాలశౌరిని గేటు దగ్గరే ఆపారు. ఆ మిల్లులో ఒక కట్టడి ఉంది. కూలివాడన్నవాడు చెప్పులు గేటు బయటే విడిచి లోపలికి రావాలి. బాలశౌరి చెప్పులు విడిచి ఎండలో నిలబడితే, గుమాస్తా వచ్చి కామందు మాట చెప్పి పోయాడు: "యూనియన్ గీనియన్ నాకు తెలవదు. నోరు మూసుకుని పనిచేసేవాళ్ళు ఉంటే ఉండమను, లేకపోతే పొమ్మను."

ఆ సాయంత్రం గూడ్సు షెడ్డు వెనక ముఠా అంతా చేరింది. కుర్రకారు సమ్మె సమ్మె అని ఊగిపోయారు. బాలశౌరి అందరి మాటా విని తల అడ్డంగా తిప్పాడు. నూజెండ్ల వైపు ఆ ఏడు వానల్లేవు. సమ్మె అన్నారంటే కామందు లారీ పంపి, ఆకలిగొన్న జనాన్ని తెల్లారేసరికి దించుతాడు. మన కడుపు కోసం వాళ్ళ కడుపు మీద కొట్టడం ఎట్లా?

"కామందు చెప్పినట్టే చేద్దాం" అన్నాడు బాలశౌరి మీసం చాటున నవ్వుతూ. "మద్రాసు నుంచి ఆయన కొత్త బాయిలరు వత్తంది గదా. అందరం పనికి పోదాం. తాడు పడదాం, ఉన్న బలమంతా పెట్టి లాగుదాం. నోరు మాత్రం తెరవమాకండి. పాట లేకుండా బరువు కదిలిద్దేమో చూద్దాం. కదలకపోతే, పీర్ సాయిబు చేసేది పనో కాదో కామందే చెబుతాడు."

మణెమ్మ ఆడవాళ్ళ మధ్య నుంచి, "ఏమయ్యో, నీకు ఇంత తెలివుందని నాకు పెళ్ళప్పుడు చెప్పలేదే" అంది. షెడ్డంతా నవ్వింది. పీర్ సాహెబు మాత్రం నవ్వలేదు. "ఇది జరక్కపోతే మాచర్ల పోతా బేటీ. కూతురింటి అరుగు మీద కూసుంటా" అన్నాడు. అరుగు మీద కూర్చోబెట్టిన పాట ఎన్నాళ్ళు బతుకుతుందో మణెమ్మకు తెలుసు. అందుకే ఆ రాత్రి కూడా ఆమెకు ముద్ద దిగలేదు.

ఇక అసలు కథలోకి వద్దాం.

బాయిలరు వచ్చిన రోజున పేటకు పేట స్టేషన్ దగ్గరే ఉంది. నల్లగా, గుండ్రంగా, గున్న ఏనుగు పడుకున్నట్టుంది అది. గోలీసోడా బండ్లు వచ్చాయి. బజ్జీల మూకుడు వచ్చింది. కోటప్పకొండ తిరునాళ్ళకు ప్రభ బండి కదిలేటప్పుడు కూడా అంత మంది చేరరేమో. కోటేశ్వరరావు గారు ఇస్త్రీ మడత నలగని లాల్చీ వేసుకుని, గొడుగు కింద నిలబడ్డాడు. మధ్యాహ్నానికి బాయిలరు మిల్లు చేరాలి. తాసీల్దారు గారు వచ్చి మొదటి మంట ముట్టించాలి. ఊరందరికీ పిలుపులు పోయాయి.

"ఊఁ, కానివ్వండి" అన్నాడు గుమాస్తా.

ముఠా తాళ్ళు పట్టింది. పళ్ళు బిగించి లాగింది. ఎవరూ లాగినట్టు నటించలేదు, అది మాత్రం నిజం. కానీ కుడిపక్క వాళ్ళు లాగేసరికి ఎడమపక్క వాళ్ళు ఊపిరి పీల్చుకుంటున్నారు. ఎడమ వాళ్ళు లాగేసరికి కుడి వాళ్ళు అరచేతులు తుడుచుకుంటున్నారు. బాయిలరు కదలలేదు. ఇంకోసారి లాగారు. తాళ్ళు కిర్రుమన్నాయి గానీ బాయిలరు ఉన్న చోటనే ఉంది.

"వీళ్ళకు పాట కావాలంటండీ" అని గుమాస్తా కామందు చెవిలో ఊదాడు.

"పాటే గదా, నువ్వెక్కి చెప్పు."

పాపం గుమాస్తా పంచె ఎగ్గట్టి, నలుగురు నాలుగు వైపులా పట్టుకుంటే బాయిలరు మీదికెక్కాడు. కిందికి చూస్తే కళ్ళు తిరిగాయి. కళ్ళు మూసుకునే, "ఒకటీ... రెండూ... మూడూ!" అన్నాడు.

"అయ్యగారూ," అని మోకు పట్టుకున్న జమాల్ మర్యాదగా అడిగాడు. జమాల్ పీర్ సాహెబు కొడుకు. "మూడు అంటుండగా లాగాల్నా, మూడు అనటం అయినాక లాగాల్నా?"

గుమాస్తాకు అది తెలియదు. జనం గొల్లుమన్నారు. నోరు తెరవకూడదనుకున్న ముఠావాళ్ళు నవ్వు ఆపుకోలేక ఒకరి భుజాల మీద ఒకరు మొహాలు దాచుకున్నారు.

అప్పుడు ఎవరో సలహా ఇచ్చారు. పెళ్ళిళ్ళకు అద్దెకిచ్చే గ్రామఫోను పెట్టె వచ్చింది. సన్నాయి ప్లేటు వేశారు. అది చక్కగా, పెళ్ళివారింట మోగినట్టే మోగింది. ముఠా అంతా తాళ్ళు పట్టుకుని తన్మయంగా వింటూ నిలబడింది.

"లాగరేం?" అన్నాడు కామందు.

"సన్నాయి ఇంటుంటే లాగబుద్ధి కావట్లేదండీ," అన్నాడు బాలశౌరి వినయంగా, "బంతి భోజనానికి లేవబుద్ధవుతంది."

ఈసారి గొడుగు పట్టుకున్నవాడు కూడా నవ్వాడు. కామందు చెవులు ఎర్రబడ్డాయి. రోడ్డుకు అవతల టీ బంకు బల్ల మీద పీర్ సాహెబు ఒంటరిగా కూర్చుని ఉన్నాడు. టీ చల్లారిపోయింది. ఆయన మోకాలి మీద వేళ్ళు మాత్రం వాటంతటవే తాళం వేస్తున్నాయి. మణెమ్మ దుంగ భుజాన పెట్టుకుని ఆ వేళ్ళవంకే చూసింది. గొంతు ఒకచోట, బరువు ఒకచోట. ఆమెకు ఆ ముసలాయన మీద పట్టరానంత ప్రేమ కలిగింది.

చివరకు మిల్లు ఫిట్టరు తన విజిల్ తీశాడు. విజిల్ పని చేసింది. ఒక్క ఊదుకు ఒక్క లాగు. బాయిలరు నెమ్మదిగా కదిలి, స్టేషన్ రోడ్డెక్కి, వాగు మీది చప్టా దాకా వచ్చేసింది. కోటేశ్వరరావు గారి మొహం వెలిగింది. ముఠావాళ్ళ మొహాలు వాడాయి. బాలశౌరి తల దించుకున్నాడు. పొద్దుట్నుంచీ నవ్వుతున్న మణెమ్మ నవ్వడం మానేసింది. ఇంతలో అయిపోయిందా? ఒక విజిల్‌కు లోకువైపోయిందా పీర్ బాబాయి పాట?

చప్టా పల్లం దిగడం సులువే. ఎత్తు ఎక్కడం దగ్గరే వచ్చింది తంటా. విజిల్‌కు ఒకటే కూత. లాగమనడం దానికి వచ్చు. పట్టి ఉంచమనడం రాదు. ఫిట్టరు ఊపిరి తీసుకోవడానికి ఆగాడు. తాళ్ళు ఒక్క లిప్త సడలాయి. బాయిలరు వెనక్కి జారింది.

వెనక జమాల్ ఉన్నాడు. దుంగల కింద అడ్డు చెక్కలు పెట్టడానికి ఫిట్టరే వాణ్ణి తాడు దగ్గర్నుంచి వెనక్కి పంపాడు. వాడి ఒక కాలు చప్టా అంచుకూ దుంగకూ మధ్య ఇరుక్కుంది. జనం కేకలు వేశారు. ఎవరికి తోచినట్టు వాళ్ళు తాడు లాగుతున్నారు. అది ఇంకా అధ్వాన్నమైంది.

బాయిలరు వెనకే వచ్చి చప్టా గట్టు మీద కూర్చున్న పీర్ సాహెబు లేచాడు. నోరు తెరిచాడు. ఊరంతా వినబడే ఆ గొంతు రాలేదు. కన్నకొడుకును ఆ చోట చూసేసరికి గొంతు మూసుకుపోయింది.

మణెమ్మ భుజం మీది దుంగ కింద పడేసింది. బాయిలరు చట్రం మీద కాలు పెట్టి, ఇనప కొక్కెం పట్టుకుని ఎగబాకింది. పైట నడుముకు దోపింది. ప్లాను చెడుతుందని గానీ, మొగుడు ఏమంటాడని గానీ ఆ క్షణాన తోచలేదు.

"పట్టరా పట్టూ!"

"ఐసా!" అంది ముఠా. అనకుండా ఎట్లా ఉంటుంది? పాట వినగానే చేతులకు ప్రాణం వచ్చింది.

"ఇనప మావయ్యా!"
"ఐసా!"
"ఇంటికి పోదామూ!"
"ఐసా!"
"అల్లరి సెయ్యాకూ!"
"ఐసా!"
"అత్త తిడతాదీ!"
"ఐసా!"

బాయిలరు ఆగింది. తర్వాత ఒక జానెడు ముందుకు వచ్చింది. జమాల్ కాలు లాక్కుని బయటికి దొర్లాడు. చర్మం గీరుకుపోయింది తప్ప కాలు భేషుగ్గా ఉంది. మణెమ్మ పాట ఆపలేదు. మావయ్యను బుజ్జగించి, బెదిరించి, సిగ్గు పెట్టి, చప్టా ఎత్తు మీదికి ఎక్కించింది. అక్కడ అడ్డు చెక్కలు గట్టిగా బిగించారు. జనం చప్పట్లు కొట్టారు. పీర్ సాహెబు కొడుకు తల రెండు చేతులా పట్టుకుని, వాణ్ణి తిట్టాలో ముద్దు పెట్టుకోవాలో తెలియక రెండూ చేశాడు.

అంతలో గుమాస్తా గొంతు వినిపించింది. "చూశారాండీ? ముసలాయన లేకపోయినా పాట వచ్చింది."

కోటేశ్వరరావు గారు సంతోషంగా తల ఊపాడు. "అవును. ఈమెనే పెట్టండి ఆ పనికి. ఏమ్మా, ఇకనుంచి నువ్వే పాడు."

మణెమ్మ తన కాళ్ళ కింది బాయిలరు వంక చూసుకుంది. బాబాయి కొడుకును కాపాడబోయి బాబాయి చోటులోకే ఎక్కింది. కింద బాలశౌరి ఆమె వంక చూశాడు. ఆ చూపులో కోపం లేదు. ఏం చేస్తావే అన్న ప్రశ్న మాత్రం ఉంది.

ఇక్కడ పేట ముఠా కట్టుబాటు ఒకటి పాఠకులకు చెప్పాలి. బరువు నేల దిగేదాకా పాటలో ఎవరిని ఏమన్నా తప్పు లేదు, కలెక్టర్నైనా అనొచ్చు. పాటలో ఎవరినైనా ప్రశ్న అడిగితే, ఆ మనిషి తాళం తప్పకుండా జవాబు చెప్పాలి. అప్పటిదాకా బరువు కదలదు. అలా చెప్పిన జవాబు రిజిస్టరాఫీసులో రాసినంత గట్టిది. ఇది కోటేశ్వరరావు గారికి తెలియంది కాదు. వయసులో ఉన్నప్పుడు ఆయనా ప్రభ తాడు పట్టినవాడే, ఇట్లాంటి పాటలకు నవ్వినవాడే. మేడ కట్టాక మరిచిపోయాడు.

మణెమ్మ నడుం మీద చెయ్యి వేసుకుంది.

"మిల్లు కామందూ!"
"ఐసా!" అన్నారు ముఠావాళ్ళు. తాళ్ళు మాత్రం కదపలేదు.
"మీసం బాగుందీ!"
"ఐసా!"
"గురువు కూకుంటే!"
"ఐసా!"
"సిస్య పాడుద్దా?"
"ఐసా!"
"తాళం లేకుంటే!"
"ఐసా!"
"తాడు కదిలిందా?"
"ఐసా!"
"పాట పనేనా?"
"ఐసా!"
"పలుకు మా దొరా!"

మళ్ళీ "ఐసా!" అన్న ముఠా ఆగిపోయింది. జనమంతా ఒక్కసారి గొడుగు వైపు తిరిగారు. తాసీల్దారు గారి జీపు అప్పటికే చప్టా అవతల వచ్చి ఆగింది. ఆయన కూడా దిగి, చేతులు కట్టుకుని, జవాబు కోసం చూస్తున్నాడు.

"పనేనయ్యా, కానివ్వండి" అన్నాడు కామందు విసుగ్గా.

"తాళం తప్పిందండీ" అని బాలశౌరి నొచ్చుకుంటున్నట్టుగా అన్నాడు. "చెల్లదు."

మణెమ్మ మళ్ళీ మొదటి నుంచి అందుకుంది. ఈసారి ముఠాతో పాటు సోడాబండి వాళ్ళు, బజ్జీలమ్మే ఆవిడ, జీపు డ్రైవరు కూడా ఐసా అన్నారు. కోటేశ్వరరావు గారు మొహం ముడుచుకునే నిలబడ్డాడు గానీ, ఆయన కుడికాలు కామందు మాట వినడం మానేసింది. మెల్లగా నేల మీద తాళం వేయడం మొదలుపెట్టింది. అది చూసిన మణెమ్మ కళ్ళు మెరిశాయి. "పలుకు మా దొరా!" అని గొంతెత్తేసరికి, ఆయన గొడుగు పక్కకు నెట్టి, ఎన్నాళ్ళ నుంచో దాచుకున్న గొంతు బయటికి తీశాడు.

"పాట పనేలే!"

"ఐసా!" అని పేట దద్దరిల్లింది.

"పిలవండి సాయిబునీ!"

ఆ "ఐసా" కు బాయిలరు ఎవరూ లాగకుండానే కదిలిందని ఇప్పటికీ చెప్పుకుంటారు. అది నిజం కాదు. అందరూ లాగారు. పీర్ సాహెబును ఎత్తి బాయిలరు మీద నిలబెట్టారు. గొంతు మూసుకుపోయిన మనిషికి కన్నీళ్ళతో పాటు పాట కూడా వచ్చింది. మణెమ్మ దిగబోతుంటే చెయ్యి పట్టి ఆపాడు. "నువ్వూ ఉండు బేటీ. నాకు ఊపిరాడనప్పుడు నువ్వు అందుకో." అట్లా ఇద్దరూ పైన నిలబడి, ఒకరు విడిచింది ఒకరు అందుకుంటూ, పెళ్ళి ఊరేగింపు తెచ్చినట్టు తెచ్చి బాయిలరును మిల్లు గేటు లోపల దించారు. జమాల్ కుంటుతూనే చిందులు వేశాడు. తాసీల్దారు గారు మంట ముట్టించారు గానీ, ఆ మంటను చూసినవాళ్ళు తక్కువ.

బరువు దిగింది. అంటే కట్టుబాటు కూడా ముగిసింది. ఇక కామందుకు కోపం తెచ్చుకునే హక్కు వచ్చింది. మణెమ్మను దగ్గరకు పిలిపించాడు. ముఠా అంతా ఆమె వెనకే నడిచింది.

"పాటలో ఇచ్చిన మాట మాటే. సాయిబు పని సాయిబుదే" అన్నాడు కోటేశ్వరరావు గారు. "యూనియన్‌తో కూడా మాట్లాడతా. రేపు పొద్దున ఆఫీసులో. కానీ నీ మొగుడితో కాదు. వాడు గేటు దగ్గర నిలబడి నిలబడి నాకు విసుగు పుట్టించాడు. నువ్వు రా. నువ్వొక్కదానివే రా."

అని లోపలికి వెళ్ళిపోయాడు. అది మెచ్చుకోలో, మొగుడూ పెళ్ళాల మధ్య చిచ్చుపెట్టే ఎత్తో ఎవరికీ అంతుబట్టలేదు. అంతసేపూ ఎగిరిన ముఠా బాలశౌరి వంక చూసింది. ఆ ఆఫీసు గుమ్మం తొక్కడానికి బాలశౌరి ఎన్ని ఎండలు కాశాడో అందరికీ తెలుసు. ఇప్పుడా తలుపు తెరుచుకుంది, అతనికి కాదు.

మణెమ్మకు మొగుడి మొహం చూడాలంటే భయం వేసింది. "నేను పోనులే. నువ్వు లేకుండా నాకెందుకు" అంది నేల చూపులు చూస్తూ.

బాలశౌరి గేటు దాటాడు. బయట విడిచిన తన తోలు చెప్పులు తెచ్చి, దుమ్ము దులిపి, ఆమె పాదాల ముందు పెట్టాడు. మణెమ్మకు పుట్టి బుద్ధెరిగి చెప్పులు లేవు.

"ఏసుకో" అన్నాడు. "నేను ఎప్పుడు పోయినా గేటు బయటే ఇడిచా. నువ్వు ఇడవమాక. ఏసుకునే లోపలికి పో."

అతని గొంతులో ఉన్నది గర్వం. దాన్ని దాచుకోవాలన్న ఆలోచన కూడా ఆ మనిషికి లేదు. మణెమ్మకు కళ్ళు నిండాయి, నవ్వూ వచ్చింది. చెప్పుల్లో కాళ్ళు పెట్టింది. ఇంకో జత పాదాలు పట్టేంత పెద్దవి అవి. టపాటపా నాలుగడుగులు వేసి చూసుకుంది.

"ఏం అడగాల్నో రాత్రికి చెబుతా, గుర్తుపెట్టుకో" అన్నాడు బాలశౌరి.

"నువ్వు చెప్పినయ్యన్నీ అడుగుతాలే. అయినాక నాదొకటుంది, అదీ అడుగుతా."

"ఏందే అది?"

మణెమ్మ దుంగలు మోసే ఆడవాళ్ళ వంక తిరిగి చూసింది. వాళ్ళంతా పైట చెంగులు నోటికడ్డం పెట్టుకుని నవ్వుతున్నారు. అదేందో పేటలోని ఆడకూలీలందరికీ తెలుసు. యూనియన్ ప్రెసిడెంటు గారికి ఒక్కడికే తెలియదు.